కౌంట్‌డౌన్, కక్ష్య, శాటిలైట్ రైట్స్: అంతరిక్షం నుంచి మన మాటల్లోకి దిగినవి ఏవి?

పదసంచి

అందరికీ నమస్కారం. అంతరిక్ష ప్రయాణాల పుణ్యమా అని రోజువారీ తెలుగులోకి వచ్చిన మాటలకు ఒక చిన్న పదకోశం తయారవుతోంది. హైస్కూలు పిల్లలకు, పత్రికల డెస్కుల్లో కొత్తగా చేరినవాళ్లకు పనికిరావాలి. ఇప్పటికి జాబితాలో ఉన్నవి ఇవి: కౌంట్‌డౌన్, లాంచ్, రాకెట్, రాకెట్ సైన్స్, కక్ష్య, ఉపగ్రహం, శాటిలైట్, ప్రయోగం, మిషన్, సాఫ్ట్ ల్యాండింగ్, పేలోడ్, రీఎంట్రీ, గ్లిచ్, లొకేషన్, కాంతి సంవత్సరం.

రెండు సంగతులు తేలాలి. వీటిలో నిజంగా అంతరిక్షం దారిన వచ్చినవి ఏవి, అంతకు ముందే ఇంకో దారిన వచ్చి కూర్చున్నవి ఏవి? వచ్చాక అర్థం ఎటు జరిగింది? పరభాషా పదాలు వాడొచ్చా వాడకూడదా అన్న వాదన ఇక్కడ వద్దు. జనం ఏమంటున్నారు, పత్రికలు ఏం రాస్తున్నాయి, శ్రీహరికోటలో దాని అర్థం ఏమిటి, ఈ మూడూ పక్కపక్కన పెట్టి చూడాలి.

డెస్కు_దీపం

పదసంచి గారూ, మంచి పని. ముందుగా మూడు మాటలు జాబితాలోంచి తీసేయవచ్చు.

లాంచ్: టీజర్ లాంచ్, ఫోన్ లాంచ్, యాప్ లాంచ్. ఇది ఓడను నీళ్లలోకి దించడం నుంచి వచ్చింది. వ్యాపారంలో ఈ వాడుక రాకెట్ల కంటే పాతది. రాకెట్‌కు కూడా ఆ ఓడ మాటనే అప్పు తెచ్చుకున్నారు. గోదావరి మీద పాపికొండలకు వెళ్లే లాంచీ మాత్రం ఇంకో మాట. అది పెద్ద ఓడ వెంట ఉండే పడవకు స్పానిష్, పోర్చుగీసు భాషల్లో ఉన్న పేరు, దాని మూలం మలయా భాషలో ఉందంటారు. చూడ్డానికి రెండూ అక్కాచెల్లెళ్లలా ఉన్నా చుట్టరికం లేదు.

మిషన్: మిషన్ ఆసుపత్రి, మిషన్ స్కూలు క్రైస్తవ ప్రచారకుల కాలం నాటివి. మిషన్ కాకతీయ, మిషన్ భగీరథ ప్రభుత్వ పథకాల భాష. కుట్టుమిషన్ అసలు ఈ మాటే కాదు, యంత్రం. మూడింటికీ మన లిపిలో ఒకే స్పెల్లింగు పడింది కాబట్టి పిల్లలు కలిపేసుకుంటారు. "మార్స్ ఆర్బిటర్ మిషన్"ను "అంగారక యంత్రం" అని అనువదించే ప్రమాదం నిజంగానే ఉంది.

రీఎంట్రీ: "పదేళ్ల తర్వాత రీఎంట్రీ ఇస్తున్న కథానాయిక" అని సినిమా పేజీలో కనబడేది మన సొంత తయారీ. "ఎంట్రీ ఇచ్చు" అనే క్రియ తెలుగు సినిమా జనం అల్లుకున్నది, దానికి ముందు "రీ" తగిలించారు. వాతావరణంలోకి తిరిగి వచ్చే నౌకకు, దాని ఉష్ణకవచానికి దీనితో సంబంధం లేదు.

ఒక మాట అంతరిక్షం నుంచి వచ్చిందా లేదా అని చూడటానికి మూడు పరీక్షలు పెట్టుకోండి. ఆ అర్థంలో ఆ మాట స్పుత్నిక్ ఎగిరిన 1957 అక్టోబరు 4కు ముందే మన పత్రికల్లో ఉందా అనేది మొదటిది. దాని పక్కన ఏ తెలుగు క్రియ చేరుతోంది అనేది రెండోది: మొదలవడమా, ఇవ్వడమా, దూసుకెళ్లడమా. ఇక మూడోది, దాన్ని తీసేసి పాత నుడికారం పెడితే వాక్యం నిలుస్తుందా అని. మూడోదే ఎక్కువ చెబుతుంది.

పులికాట్_కొంగ

కౌంట్‌డౌన్ మాత్రం అనుమానం లేకుండా రాకెట్ల దారిదే. అంకెల్ని వెనక్కి లెక్కపెట్టి చివర్లో రాకెట్ వదలడాన్ని జనానికి మొదట అలవాటు చేసింది ఫ్రిట్జ్ లాంగ్ 1929లో తీసిన జర్మన్ మూకీ చిత్రం. తర్వాత అసలు ప్రయోగశాలలు ఆ పద్ధతి పట్టుకున్నాయి.

పిల్లలకు రాసేటప్పుడు ఒకటి గట్టిగా చెప్పాలి. కౌంట్‌డౌన్ అంటే "పది, తొమ్మిది, ఎనిమిది" కాదు. అది గడియారానికి కట్టిన పనుల పట్టిక. చంద్రయాన్-3కు కౌంట్‌డౌన్ 25 గంటల 30 నిమిషాలు. 2023 జూలై 13 మధ్యాహ్నం 1:05కు మొదలై, 14న మధ్యాహ్నం 2:35కు రాకెట్ లేచింది. ఆ వ్యవధిలో ద్రవ ఇంధన దశ నింపాలి, బ్యాటరీలు, వాల్వులు, రేడియో లింకులు చూసుకోవాలి. క్రయోజెనిక్ దశను చివరి గంటల కోసం ఉంచుతారు. ద్రవ హైడ్రోజన్ మైనస్ 253 డిగ్రీల దగ్గర, ద్రవ ఆక్సిజన్ మైనస్ 183 దగ్గర మరుగుతాయి. ముందురోజే నింపితే ఆవిరైపోతూ ఉంటాయి, మళ్లీ మళ్లీ నింపాలి.

గడియారం ఆగుతుంది కూడా. దాన్ని హోల్డ్ అంటారు. 2019 జూలై 15న చంద్రయాన్-2ను 56 నిమిషాల 24 సెకన్లు మిగిలి ఉండగా ఆపారు. 22న ఎగిరింది. 2023 అక్టోబరు 21న గగన్‌యాన్ పరీక్ష వాహనం టీవీ-డీ1ను 5 సెకన్లు ఉందనగా కంప్యూటరే ఆపేసింది. కారణం కనుక్కుని సరిచేసి అదే రోజు 10 గంటలకు వదిలారు. ఈ ఆగడమే కౌంట్‌డౌన్ అసలు ప్రయోజనం. ఆపడానికి వీలుగా పనుల్ని గడియారానికి కట్టారు. వాడుకలోకి వచ్చిన కౌంట్‌డౌన్‌లో ఈ సగం రాలేదు. హోల్డ్ బదులు మనం "వాయిదా పడింది" అంటాం.

నుడికారం

పులికాట్_కొంగ గారు చెప్పిన సగం కంటే పెద్ద సంగతి ఇంకొకటి ఉంది. శ్రీహరికోటలో కౌంట్‌డౌన్ సున్నాకు చేరితే ఒకటి మొదలవుతుంది. మన రాజకీయ భాషలో సున్నాకు చేరితే ఒకటి ముగుస్తుంది. "ఈ ప్రభుత్వానికి కౌంట్‌డౌన్ మొదలైంది" అని ఏ సభలో అన్నా, ఆ ప్రభుత్వం ఎగరబోతోందని ఎవరూ అనుకోరు. పడిపోతుందని అర్థం. అర్థం పూర్తిగా తిరగబడింది.

ఎందుకు తిరగబడిందో డెస్కు_దీపం గారి మూడో పరీక్ష చెబుతుంది. కౌంట్‌డౌన్ తీసి "రోజులు దగ్గరపడ్డాయి" పెట్టండి. "నూకలు చెల్లాయి" పెట్టండి. "మూడింది" పెట్టండి. వాక్యం చెక్కుచెదరదు. అంటే కౌంట్‌డౌన్ వచ్చి మన దగ్గర ఖాళీగా ఉన్న గదిలో దిగలేదు, పాత నుడికారం కాపురమున్న గదిలోనే దిగింది. అక్కడి అర్థాన్నే తొడుక్కుంది.

రాకెట్ సైన్స్ కూడా అంతే. "ఇదేమన్నా రాకెట్ సైన్సా?" అనే ప్రశ్న తెలుగులో ఇంత సులువుగా ఎందుకు ఇమిడిందంటే "ఇదేమన్నా బ్రహ్మవిద్యా?" అని తరాలుగా అంటున్నాం కాబట్టి. నిర్మాణం అదే, ప్రశ్న అదే, ఎత్తిపొడుపు అదే. విద్య పేరొక్కటే మారింది. "ధరలు రాకెట్‌లా దూసుకెళ్లాయి" వెనక తారాజువ్వ ఉంది. "తారాజువ్వలా ఎగిసి అంతలోనే చల్లారిపోయాడు" అనేది ముందునుంచీ ఉన్న మాటే. అయితే తారాజువ్వలో ఎగరడం, చల్లారడం రెండూ ఉన్నాయి. రాకెట్ వచ్చాక చల్లారే భాగం పోయి, ఎగిరే భాగమే మిగిలింది.

నా అభిప్రాయం ఇది: పాత నుడికారం సిద్ధంగా ఉన్న చోటే అంతరిక్షపు మాట జనం నోట్లో నిలబడింది. లేనిచోట పత్రిక కాగితం దాటలేదు.

గోల్కొండ_పలుకు

నుడికారం గారు, మీరన్నది ఉపమానాలకు సరిపోతది గానీ అన్నిటికీ సరిపోదు. శాటిలైట్ చూడుండ్రి. దానికి పాత నుడికారం ఏమున్నది? ఏం లేదు. అయినా ఫిల్మ్‌నగర్ల అది రోజు వినబడే మాట. "శాటిలైట్ ఎంతకు పోయింది?", "శాటిలైట్ ఇంకా అమ్మలే", "శాటిలైట్, డిజిటల్ కలిపి బడ్జెట్ వచ్చేసింది". అక్కడ శాటిలైట్ అంటే ఆకాశంల తిరిగే వస్తువు కాదు, టీవీ ఛానల్‌కు అమ్మే ప్రసార హక్కు. రైట్స్ అన్న మాట గూడ రాలిపోయి శాటిలైట్ ఒక్కటే మిగిలింది.

ఇది వస్తువుతోని వచ్చిన మాట. 1995ల తెలుగు ప్రైవేటు ఛానళ్లు మొదలైనయి. ఈటీవీ ఆ ఏడు ఆగస్టు 27న వచ్చింది. దూరదర్శన్ అయితే అప్పట్ల ఊళ్లె టవర్ నుంచి నేల మీదనే ప్రసారం. కొత్త ఛానళ్లకు టవర్ల అనుమతి లేదు, ఉపగ్రహం మీదికెళ్లే రావాలె. అందుకని నిర్మాతలు ఒప్పందంల ఈ హక్కును వేరుగ రాసుకున్నరు. ఇయ్యాల ఓటీటీ వచ్చి డిజిటల్ రైట్స్ అని ఇంకో ఖాతా తెరిచినంక శాటిలైట్ అర్థం ఇంకా ఇరుకైంది: ఫోన్ల చూసేది డిజిటల్, టీవీ ఛానల్ల వచ్చేది శాటిలైట్. నిజానికి ఓటీటీ సినిమా కేబుల్ ఇంటర్నెట్‌ల వస్తది, టీవీ సినిమా గూడ ఇంటికొచ్చే ఆఖరు మైలు చాలాచోట్ల కేబులే.

గందుకే రెండు దారులు పెట్టుండ్రి. ఉపమానం దారి, సరుకు దారి.

తరంగం

గోల్కొండ_పలుకు గారు చెప్పిన సరుకు దారిలో సాంకేతిక వివరం కలుపుతాను, పదకోశంలో పనికొస్తుంది.

ఛానల్ కార్యాలయం నుంచి పెద్ద డిష్ ద్వారా సంకేతం పైకి వెళ్తుంది, అది అప్‌లింక్. భూమధ్యరేఖకు పైన 35,786 కి.మీ. ఎత్తులో ఉన్న ఉపగ్రహం దాన్ని అందుకుని, పౌనఃపున్యం మార్చి, బలం పెంచి కిందికి పంపుతుంది, అది డౌన్‌లింక్. కేబుల్ ఆపరేటర్లు అందుకునేది ఎక్కువగా సి-బ్యాండ్‌లో: సుమారు 6 గిగాహెర్ట్జ్‌లో పైకి, 4లో కిందికి. డిష్ పెద్దది కావాలి, వానకు పెద్దగా చెక్కుచెదరదు. ఇంటి మీది చిన్న డిష్‌కు వచ్చేది కు-బ్యాండ్, 11, 12 గిగాహెర్ట్జ్ ప్రాంతం. తరంగదైర్ఘ్యం రెండున్నర సెంటీమీటర్లే. జోరువాన చినుకులు దాన్ని పీల్చుకుంటాయి, చెదరగొడతాయి. "వాన పడితే డిష్ పోతుంది" అనే మాట ఇక్కడిదే. డిష్ అంటే ఇక్కడ గిన్నె కాదు, పళ్లెం కాదు, కనెక్షన్ మొత్తం.

ఉపగ్రహ టీవీ తెలుగు పల్లెలకు 1995 కంటే ఇరవయ్యేళ్ల ముందే వచ్చింది. 1975 ఆగస్టు 1 నుంచి 1976 జూలై 31 దాకా నడిచిన సైట్ (ఉపగ్రహం ద్వారా టీవీ బోధన) కార్యక్రమంలో అమెరికా ఉపగ్రహం ఏటీఎస్-6 ద్వారా ఆరు రాష్ట్రాల్లో సుమారు 2,400 ఊళ్లకు ప్రసారాలు అందాయి, అప్పటి ఆంధ్రప్రదేశ్ అందులో ఒకటి. ఊరుమ్మడి టీవీ, దానికి కోళ్ల గూళ్లకు వాడే తీగవలతో చేసిన మూడు మీటర్ల డిష్. వ్యవసాయం, ఆరోగ్యం, బడి పాఠాలు. అయినా శాటిలైట్ అనే మాట అప్పుడు వాడుకలో పాతుకోలేదు. ఏడాదికే ఆగిపోయింది, కొనడం అమ్మడం లేదు. సరుకు దారిలో మాట నిలవాలంటే ఆ సరుకు మీద రోజూ బేరం జరగాలి.

డెస్కు_దీపం

ఇప్పుడు అచ్చుతప్పుల సంగతి. ఇవి డెస్కులో చేరినవాళ్లకు మొదటివారమే చెప్పాల్సినవి.

కక్ష్య, కక్ష. మొదటిది గ్రహం తిరిగే దారి, రెండోది పగ. "పాత కక్షలతో దాడి" పక్కనే "నిర్ణీత కక్షలోకి ఉపగ్రహం" అని టీవీ స్క్రోలింగుల్లో పడుతూనే ఉంటుంది. పలకడంలో య వత్తు జారిపోతుంది, రాసేటప్పుడూ జారిపోతుంది. పేజీ వదిలే ముందు కక్ష అని వెతికి ఒక్కొక్కటి చూసుకోవడమే మందు. కక్షిదారు మళ్లీ వేరు, వ్యాజ్యంలో పక్షం.

రాకెట్ ఇంకా చిక్కు. "కిడ్నీ రాకెట్ గుట్టురట్టు" అంటే దొంగల ముఠా. టెన్నిస్ ఆటగాడి చేతిలోదీ రాకెట్టే. ఎగిరేదీ రాకెట్టే. పరిష్కారం సులువు: ఎగిరేదానికే రాకెట్ ఉంచండి. మిగతా రెండింటికీ ర్యాకెట్ అని య వత్తుతో రాయండి, ఆ ఉచ్చారణే దానికి దగ్గర. ముఠాను ముఠా అనో దందా అనో రాస్తే ఇంకా మంచిది. ఆడేదాన్ని జనం ఎలాగూ బ్యాట్ అంటారు, షటిల్ బ్యాట్ అంటారు.

శబ్దమంజరి

కక్ష్య గురించి ఒక మాట. సూర్యసిద్ధాంతంలో గ్రహాల దారికి కక్షా అనే రూపమే ఉంది. చంద్రకక్ష, ఆకాశకక్ష అనే లెక్కలు అందులోనివే. కాబట్టి య వత్తు లేని రూపం సంస్కృతంలో తప్పు కాదు. తెలుగులో కక్షకు పగ అనే అర్థం స్థిరపడిపోయింది గనక ఖగోళానికి కక్ష్య అని విడదీసుకోవడం మనకు అవసరం అయింది. ఆ విడదీత మంచిదే, నిలుపుకోవాలి.

నుడికారం గారి సిద్ధాంతానికి ఇదొక ఆధారం కూడా. కక్ష్య ఉపమానంగా ఎందుకు వాడుకలోకి రాలేదు? "జీవితం కక్ష్యలో పడింది" అని ఎవరైనా అంటే వినేవాడి చెవికి పగ తగులుతుంది. అందుకే "గాడిలో పడింది" అనే అంటున్నాం.

ఉపగ్రహం జ్యోతిషంలో పాత మాట. ధూముడు, వ్యతీపాతం, గుళికుడు మొదలైన వాటికి ఆ పేరుండేది. అవి కంటికి కనబడని లెక్కల బిందువులు. 1957 తర్వాత లోహపు వస్తువుకు ఆ పేరు పెట్టి, కృత్రిమ అని విశేషణం తగిలించాం. ఇప్పుడు విశేషణం రాలిపోయి, చంద్రుణ్ని చెప్పాల్సి వచ్చినప్పుడే "సహజ ఉపగ్రహం" అనాల్సి వస్తోంది. పాతదానికి విశేషణం, కొత్తదానికి ఉత్త పేరు.

రోదసి కూడా చేర్చండి. సంస్కృతంలో రోదసీ ద్వివచనం: భూమి, ఆకాశం రెండూ కలిపి. తెలుగు పత్రికలు దాన్ని భూమికి అవతలి శూన్యానికి కట్టేశాయి. భూమి బయటపడిపోయింది.

అన్నిటికంటే ముఖ్యమైనది ప్రయోగం. అస్త్రప్రయోగం, మంత్రప్రయోగం, వ్యాకరణంలో కర్మణి ప్రయోగం, సైన్సు గదిలో చేసే ప్రయోగం, శ్రీహరికోట రాకెట్ ప్రయోగం. రాకెట్‌కు ఈ మాట అస్త్రం నుంచి వచ్చింది. బాణం "ప్రయోగిస్తారు", బాణసంచాలో బాణం ఇప్పటికీ ఉంది. పాఠకుడు మాత్రం సైన్సు గది అర్థంలో చదువుకుంటాడు. అందుకే వందోసారి ఎగిరిన రాకెట్‌ను కూడా "ఇంకా ప్రయోగాలే చేస్తున్నారు" అనుకుంటాడు.

పులికాట్_కొంగ

శబ్దమంజరి గారు చెప్పిన ప్రయోగానికి సరైన ఉదాహరణ 2025 జనవరి 29 నాటిది. అది శ్రీహరికోట నుంచి నూరో ప్రయోగం, జీఎస్ఎల్‌వీ-ఎఫ్15. రాకెట్ తన పని తను చేసింది, ఎన్‌వీఎస్-02 ఉపగ్రహాన్ని బదిలీ కక్ష్యలో, అంటే అసలు కక్ష్యకు చేరే ముందు తిరిగే తాత్కాలిక దారిలో, వదిలింది. తర్వాత ఉపగ్రహంలో ఇంధనాన్ని మండించే ఆక్సీకారిణి వాల్వులు తెరుచుకోలేదు, కక్ష్య పెంచడం కుదరలేదు. "ప్రయోగం విజయవంతం" అని మొదటిరోజు రాసిన శీర్షిక తప్పు కాదు. నాలుగు రోజులకు వచ్చిన వార్త చూసి పాఠకుడు "ముందు అబద్ధం రాశారు" అనుకుంటే అదీ అతని తప్పు కాదు. పైకి పంపడానికీ పని పూర్తవడానికీ ఒకే మాట వాడడం వల్ల వచ్చిన చిక్కు. "రాకెట్ ప్రయోగం సఫలం, ఉపగ్రహం ఇంకా తన కక్ష్యకు చేరాలి" అని రెండు ముక్కలుగా రాయాలి.

కక్ష్యలో "పెట్టడం" అంటే అల్మారాలో పెట్టడం కాదని కూడా చెప్పండి. దిగువ కక్ష్యలో నిలవాలంటే అడ్డంగా సెకనుకు దాదాపు 7.7 కి.మీ. వేగం ఇవ్వాలి. ఎత్తు తేలికే, ఆ వేగమే కష్టం.

ఇక సాఫ్ట్ ల్యాండింగ్. చంద్రుడి మీద మొదటిది సోవియట్ లూనా-9, 1966 ఫిబ్రవరి 3. మనది 2023 ఆగస్టు 23 సాయంత్రం 6:04. మెత్తన అంటే ఎంత? చంద్రయాన్-3లో చంద్రుడి మీద దిగిన విక్రమ్ నౌక కాళ్లను సెకనుకు 3 మీటర్ల వేగాన్ని తట్టుకునేలా చేశారు. మన భూమ్మీద ఒక వస్తువును అర మీటరు కంటే కొంచెం తక్కువ ఎత్తు నుంచి వదిలితే నేలను తాకే వేగం అది. 2019లో చంద్రయాన్-2 విషయంలో 30 కి.మీ. నుంచి 7.4 కి.మీ. ఎత్తు దాకా అంతా సరిగ్గానే ఉంది, వేగం సెకనుకు 1,683 మీటర్ల నుంచి 146 మీటర్లకు తగ్గింది. తర్వాతి దశలో తగ్గింపు లెక్కకు మించింది, దిగాల్సిన చోటికి 500 మీటర్ల లోపు గట్టిగా తాకింది. "హార్డ్ ల్యాండింగ్" అన్న మాట తెలుగు ఇళ్లలోకి వచ్చింది ఆ వారంలోనే.

నుడికారం

సాఫ్ట్ ల్యాండింగ్ నా వాదనకు రెండోవైపు సాక్ష్యం. ఆర్థిక పేజీలో "ఆర్థిక వ్యవస్థకు సాఫ్ట్ ల్యాండింగ్" అని వస్తుంది: ద్రవ్యోల్బణం తగ్గాలి, మాంద్యం రాకూడదు. రెండుసార్లు చంద్రుడి మీదికి దిగడాన్ని రాష్ట్రమంతా టీవీల ముందు కూర్చుని చూసినా, ఇంట్లో మాటల్లో ఎవరూ "సాఫ్ట్ ల్యాండింగ్ అయింది" అనరు. "గండం గట్టెక్కింది" అంటారు, "సాఫీగా జరిగిపోయింది" అంటారు. పాత మాట బలంగా ఉండి కదలనంటే కొత్తది బయటే ఆగుతుంది. గోల్కొండ_పలుకు గారి సరుకు దారి ఒప్పుకుంటున్నాను, అది లేకపోతే శాటిలైట్‌కు సమాధానం లేదు.

రైలుతో పోల్చి చూడండి. పట్టాలెక్కింది, పట్టాలు తప్పింది, లైన్ క్లియర్, పచ్చజెండా ఊపారు. సినిమా పట్టాలెక్కుతుంది, ప్రాజెక్టు పట్టాలెక్కుతుంది, చర్చలు పట్టాలు తప్పుతాయి. సినిమా కక్ష్యలోకి వెళ్లదు. రైలు మనం ఎక్కి దిగింది. రాకెట్‌ను దూరం నుంచి చూశాం. అందుకే రైలు నుంచి భాగాల పేర్లు, జరిగే పనుల పేర్లు వచ్చాయి. రాకెట్ నుంచి బయటికి కనబడేవి మాత్రమే వచ్చాయి: వెనక్కి లెక్క, పైకి ఎగరడం, వేగం. దశ విడిపోవడం, ఉష్ణకవచం ఊడిపోవడం, కక్ష్య సరిచేయడం, వీటిలో ఒక్కటీ సామెతలోకి రాలేదు.

ఎదురు దారిలో వెళ్లినది కూడా ఉంది. 640 టన్నుల బరువు, 43.5 మీటర్ల ఎత్తున్న ఎల్‌వీఎం3ని పత్రికలు బాహుబలి రాకెట్ అంటాయి. మొరాయించే అలవాటున్న జీఎస్ఎల్‌వీకి నాటీ బాయ్ అని పేరు పడింది. జనం మాట రాకెట్‌కు ఎక్కడం ఇది.

తీగమల్లె

సాఫ్ట్‌వేర్ పనుల్లో తిరిగే రెండు మాటలు.

పేలోడ్: మొదట సరుకు రవాణాది, కిరాయి తెచ్చే బరువు. లారీకైతే మొత్తం అనుమతి బరువులోంచి ఖాళీ లారీ బరువు తీసేస్తే వచ్చేది. రాకెట్ దాన్ని బాగా ప్రచారంలోకి తెచ్చింది, ఎందుకంటే అక్కడ తేడా మరీ ఎక్కువ. 2017 ఫిబ్రవరి 15న పీఎస్ఎల్‌వీ-సీ37 మోసిన 104 ఉపగ్రహాల మొత్తం బరువు 1,378 కిలోలు. రాకెట్ బరువు దాదాపు 320 టన్నులు. అంటే వెయ్యి కిలోలకు నాలుగు కిలోల చిల్లర. ప్రోగ్రామింగ్‌లో పేలోడ్ అంటే సందేశంలో చిరునామా, హెడర్లు పోగా మిగిలే అసలు సరుకు. పరిమితి దాటితే సర్వర్ 413 అనే దోషం పంపుతుంది. మోసేది వేరు, మోయించుకునేది వేరు అన్న తేడా మూడు చోట్లా నిలిచింది. అర్థం చెదరకుండా ప్రయాణం చేసిన అరుదైన మాట ఇది. కానీ ఆఫీసు దాటి బయటికి రాలేదు.

గ్లిచ్: రేడియో, టీవీ ప్రసార సిబ్బంది మాట. 1962లో వ్యోమగామి జాన్ గ్లెన్ విద్యుత్ వలయంలో వోల్టేజి ఒక్కసారి ఎగిసిపడటానికి ఈ పేరు వాడి వివరించాక లోకానికి తెలిసింది. క్షణం ఉండి పోయేదే గ్లిచ్. రోజంతా సైటు పడిపోతే అది గ్లిచ్ కాదు, అయినా ప్రకటనల్లో అలాగే రాస్తారు. ఆ రెండో వాడుకను పదకోశం మందలించాలి.

తరంగం

లొకేషన్‌ను అందరూ దాటేశారు. జాబితాలో రోజూ అందరూ వాడేది అదొక్కటే. ముందు తెలుగులో లొకేషన్ అంటే షూటింగ్ జరిగే చోటు. ఇప్పుడు "లొకేషన్ పెట్టు" అంటే ఫోన్లో ఉన్నచోటు పంపమని. దాని వెనక సుమారు 20,200 కి.మీ. ఎత్తులో తిరిగే జీపీఎస్ ఉపగ్రహాలున్నాయి. ఫోన్‌కు కనీసం నాలుగు కనబడాలి: మూడు దిక్కుల్లో మన స్థానం, నాలుగోది ఫోన్ గడియారం తప్పును సరిదిద్దడానికి. అపార్ట్‌మెంటు సెల్లార్‌లో నిలబడి పంపితే పక్కవీధి చూపించడానికి కారణం, ఉపగ్రహ సంకేతం అందక ఫోన్ సెల్ టవర్ల మీద ఆధారపడడం.

కాంతి సంవత్సరం గురించి ఒక వాక్యం చాలు. అది దూరం, సుమారు 9.46 లక్షల కోట్ల కి.మీ. "కాంతి సంవత్సరాల క్రితం" అని రాయకూడదు. "కాంతి సంవత్సరాల దూరం" అనొచ్చు.

అలాగే "గురుత్వాకర్షణ లేని అంతరిక్ష కేంద్రం" అనే మాట. 400 కి.మీ. ఎత్తులో నేల మీది గురుత్వంలో దాదాపు 90 శాతం ఉంటుంది. నౌక, అందులోని మనిషి కలిసి పడుతూనే ఉంటారు గనక బరువు తెలియదు. భారరహిత స్థితి అని రాస్తే సరిపోతుంది.

పదసంచి

అందరికీ ధన్యవాదాలు. ఇప్పటికి ప్రతి పదానికీ ఐదు గడులు పెడుతున్నాను: వచ్చిన దారి, అక్కడి అర్థం, ఇక్కడి అర్థం, దాని చోట నిలిచే పాత నుడికారం, జాగ్రత్త. మచ్చుకు రెండు చూడండి.

కౌంట్‌డౌన్. దారి: ఉపమానం. అక్కడ: గడియారానికి కట్టిన పనుల పట్టిక, మధ్యలో ఆగవచ్చు, చివర ప్రయోగం. ఇక్కడ: విడుదలకో ఎన్నికకో మిగిలిన రోజులు, రాజకీయాల్లో పతనం దగ్గరపడటం. పాత నుడికారం: రోజులు దగ్గరపడ్డాయి, నూకలు చెల్లాయి. జాగ్రత్త: తేదీ ఖరారు కాని దానికి వాడవద్దు.

శాటిలైట్. దారి: సరుకు. అక్కడ: ఉపగ్రహం. ఇక్కడ: సినిమాను టీవీ ఛానల్లో ప్రసారం చేసే హక్కు. పాత నుడికారం: లేదు. జాగ్రత్త: సినిమా వార్తలో "ఉపగ్రహ హక్కులు" అని అనువదించవద్దు, ఎవరికీ అర్థం కాదు.

లాంచ్, మిషన్, రీఎంట్రీలను "అంతరిక్షానివి కావు" అనే చిన్న అనుబంధంలో ఉంచుతున్నాను. పిల్లలు వెతికేది ముందు వాటికోసమే.

గోల్కొండ_పలుకు

శాటిలైట్ గడిల రెండో అర్థం గూడ పెట్టుండ్రి: శాటిలైట్ టౌన్‌షిప్, పెద్ద పట్నం పక్కన పుట్టే ఊరు. అది సరుకు దారి కాదు, ఉపమానం. తెలుగుల ఉపనగరం అన్న మాట ఉండనే ఉన్నది, ప్లాట్ల ప్రకటనలల్లనే శాటిలైట్ అంటరు. ఒకే మాట రెండు దార్ల వచ్చింది గనక రెండు వేర్వేరు నంబర్లు వేస్తే మంచిగుంటది.

డెస్కు_దీపం

రాకెట్ కింద పిల్లల కాగితం రాకెట్ మర్చిపోకండి. బడిలో నోటుబుక్కు కాగితాన్ని మడిచి విసిరేదాన్ని మన పిల్లలు రాకెట్ అనే అంటారు. అది ఇంజిను లేకుండా గాలిలో తేలేది, విమానం జాతి. దీపావళి తారాజువ్వ మాత్రం నిజంగా రాకెట్టే: మందు కాలి వాయువు కిందికి పోతుంది, గొట్టం పైకి లేస్తుంది, వెనకున్న పొడవాటి పుల్ల దాన్ని వంకర పోకుండా నిలుపుతుంది. పుల్ల విరిగితే జువ్వ ఎటు తిరుగుతుందో చెప్పలేం. ఈ రెండింటినీ ఒకే పదం కింద ఒకటి, రెండు అని అంకెలు వేసి ఇవ్వండి. ర్యాకెట్‌ను మాత్రం వేరే పుటలో పెట్టండి.